డాక్టర్ టటిల్ గారి దగ్గు

రేడియోలో కొందరు మాట్లాడతారు, కొందరు పాటలు వేస్తారు. వెండెల్ కాలేజీ రేడియోలో డాక్టర్ ఆంబ్రోస్ టటిల్ గారు మాత్రం ఊరుకునేవారు. ఏదో మాట తోచక ఊరుకోవడం కాదు. శ్రద్ధగా, నియమం తప్పకుండా, వ్రతం పట్టినట్టు ఊరుకునేవారు. రికార్డు పేరు చెప్పి ఊరుకునేవారు. రికార్డు అయిపోయాక మళ్ళీ ఊరుకునేవారు. ఈ రెంటికీ మధ్య వీలు దొరికినప్పుడు కాస్త సంగీతం వినిపించేవారు.

రేడియోవాళ్ళ దృష్టిలో నిశ్శబ్దాన్ని మించిన పాపం లేదు. తప్పు మాట్లాడితే జనం నవ్వుకుని క్షమిస్తారు. ఏమీ మాట్లాడకపోతే చెయ్యి చాచి పక్క స్టేషన్‌కి తిప్పేస్తారు. ఆ కాలేజీ రేడియో నడిపే మార్వా హిగ్బీ కొత్తగా వచ్చిన ప్రతివాళ్ళకీ నేర్పే మొదటి పాఠం అదే. అక్కడ జీతం పుచ్చుకునేది ఆవిడ ఒక్కతే. తక్కినవాళ్ళంతా విద్యార్థులూ, సంగీతపు పిచ్చి ఉన్న ఊరివాళ్ళూ. ఉద్యోగంలో చేరిన మొదటి ఆదివారం ఆవిడ భోజనం చేస్తుంటే ఉన్నట్టుండి రేడియో మూగబోయింది. చేతిలో సాండ్‌విచ్‌తో పరుగెత్తింది. టటిల్ గారు మైకు ముందు చేతులు కట్టుకుని, పై కప్పు చూస్తూ కూర్చున్నారు.

"డాక్టరు గారూ! ఏమైంది? ఒంట్లో బాగానే ఉందా?"

"దివ్యంగా ఉంది. నువ్వేంటమ్మాయ్, అలా రొప్పుతున్నావు?"

"పాట అయిపోయిందండీ!"

"విన్నాను."

"మరి మాట్లాడరేం?"

"ఇంటికొచ్చిన చుట్టం గడప దాటకముందే వెనకాల తలుపు వేసేస్తామా? సంగీతం ఇప్పుడే లేచింది. కోటు వేసుకోవద్దూ? టోపీ వెతుక్కోవద్దూ?"

మార్వా నోట మాట రాలేదు. దాంతో ఆ నిశ్శబ్దం ఇంకొంచెం పొడుగైంది.

కసిరి బయటికి పంపడానికి వీల్లేని మనిషాయన. ఆ రేడియో పుట్టిందే ఆయన చేతుల మీదుగా. చదువుకునే రోజుల్లో నలుగురు స్నేహితుల్ని పోగేసి, హాస్టలు గదిలో ప్రసారం చేసే పెట్టె ఒకటి బిగించి, దాని తీగని గదులు వెచ్చబరిచే ఆవిరి గొట్టానికి కట్టారు. గొట్టం ఎంతవరకు పోతే రేడియో అంతవరకు పోయేది. గొట్టం దగ్గరికి జరిగితే సంగీతం, దూరం జరిగితే గురగుర. ఆ చలికాలం వెండెల్‌లో కుర్రాళ్ళంతా గొట్టాలకి చెవులానించి సింఫనీలు విన్నారనీ, సగంమందికి చెవులు కాలాయనీ చెబుతారు. తర్వాత కాలేజీవాళ్ళు జాలిపడి, రసాయనశాస్త్రం వాళ్ళ భవనం కింద నేలమాళిగ ఇచ్చి, కొండ మీద ప్రసార స్తంభం పాతించారు. జాలి గొప్పదే కానీ, పైన ప్రయోగాలు జరిగినప్పుడల్లా స్టూడియో అంతా కుళ్ళిన కోడిగుడ్డు వాసన.

శాస్త్రీయ సంగీతానికీ జాజ్‌కీ అక్కడ మొదటినుంచీ పాము ముంగిసల స్నేహం. జాజ్ వింటే కుర్రాళ్ళు చెడిపోతారని పెద్దలన్నారు. మీ సింఫనీలు వింటే నిద్రపోతున్నారు, అదేం బాగుందని కుర్రాళ్ళన్నారు. చివరికి సాయంత్రం ఐదుని సరిహద్దుగా పెట్టుకుని రాజీపడ్డారు. ఐదు దాకా టటిల్ గారి రాజ్యం. ఐదు దాటితే రోస్కో బ్రిగ్స్‌ది. రోస్కోకి ఊళ్ళో బూట్ల దుకాణం ఉంది, ఇంట్లో ఆరు బీరువాల జాజ్ రికార్డులున్నాయి, ముందు పళ్ళలో ఒక బంగారు పన్ను ఉంది. ఆ పన్ను కట్టింది టటిల్ గారే. చెప్పలేదు కదూ, ఆయన వృత్తి పళ్ళ వైద్యం.

"ఏమయ్యా పళ్ళ డాక్టరూ, ఐదు దాటింది. నీ మౌనం నా చాపమీద కాళ్ళు చాపుకుని పడుకుంది. లేపుతావా, నన్ను లేపమంటావా?" అనేవాడు రోస్కో గుమ్మంలో నిలబడి.

"జాజ్‌లో ఖాళీలే గొప్పవని నువ్వేగా చెప్పావు?"

"జాజ్‌లో ఖాళీకి అటూ ఇటూ ఏదో ఒకటి ఉంటుంది నాయనా! నీ ఖాళీకి ముందూ ఖాళీయే, వెనకా ఖాళీయే."

ఆయనకి ఆ అలవాటు వృత్తి వల్ల వచ్చిందని ఊళ్ళో అనుకునేవారు. రోగి నోట్లో దూదీ, అద్దమూ, రెండు వేళ్ళూ పెట్టి "పిల్లలు బాగున్నారా?" అని అడిగేవారట. అడిగి, జవాబు కోసం ఆగేవారట. జవాబు రాదు. అయినా ఆగేవారట. ముప్ఫై ఏళ్ళు అలా ఆగిన మనిషికి రేడియోలో ఆగడం ఒక లెక్కా అని మార్వా కూడా సరిపెట్టుకుంది.

అది చాలదన్నట్టు ఆయన పొడుగాటి సింఫనీని మధ్యలో ఆపి వాతావరణం చెప్పేవారు. "బయట మంచు పడుతోంది. నమ్మకపోతే కిటికీలోంచి చూసుకోండి" అని చెప్పి, అంతా చూసుకోవడానికి కాసేపు ఊరుకునేవారు. నేలమాళిగకి కిటికీ లేదు. ఆయన చదివేది నిన్నటి పేపరు. ఒకసారి మంచు పడుతోందని ఆయన చెప్పిన మధ్యాహ్నం మార్వా గొడుగు, బూట్లు, మఫ్లరు తగిలించుకుని బయటికొస్తే, కాలేజీ పచ్చికలో పిల్లలు చొక్కాలు విప్పి ఎండ కాచుకుంటున్నారు.

ఈ మౌనం సంగతి చివరికి కాలేజీ ధర్మకర్తల దాకా వెళ్ళింది. ఒకాయన కారులో పోతూ వింటుంటే మోత ఆగిపోయింది. రేడియో పాడైందనుకుని కొత్తది పెట్టించుకున్నాడు. మరుసటి ఆదివారానికి అదీ పాడైంది. ఆయన మండిపడితే, కాలేజీ కోశాధికారి పెక్హమ్ స్టూడియోలో ఒక పెట్టె పెట్టించాడు. నిశ్శబ్దం కాస్త సాగిందా, దాని మీద ఎర్ర దీపం మిణుకుమిణుకుమంటుంది. అప్పటికీ ఎవరూ నోరు విప్పకపోతే అదే తనంతట తాను ఒక టేపు మోగిస్తుంది. ఆ టేపులో ఉన్నది కాలేజీ ఫుట్‌బాల్ పాట.

ఆ వారం టటిల్ గారు చనిపోయినవారి ఆత్మశాంతి కోసం రాసిన సంగీతం వేశారు. గుండె నీరైపోయేలాంటి చివరి స్వరం సన్నగా కరిగిపోయింది. ఆయన చేతులు కట్టుకున్నారు. జిల్లా అంతా కన్నీళ్ళు తుడుచుకుంటోంది. అంతలో ఢమఢమా డప్పులు, బాకాలు, రెండొందలమంది కుర్రాళ్ళ గొంతులు: "కుమ్మెయ్ వెండెల్! కుమ్మెయ్!"

ఆ దెబ్బతో దారికొస్తారనుకున్నారు. తాను పట్టిన కుందేలుకి మూడే కాళ్ళనే మనిషి దారికి రావడమా? రెండు వారాలు ఫుట్‌బాల్ పాటతోనే కాపురం చేశారు. మూడో వారం ఆయనకి జలుబు చేసింది. నిశ్శబ్దం మధ్యలో ఆపుకోలేక దగ్గారు. ఎర్ర దీపం ఆరిపోయింది. పెట్టెకి అది మాటో, దగ్గో తెలియదు పాపం. టటిల్ గారు పెట్టె వైపు చూశారు. మళ్ళీ ఊరుకున్నారు. దీపం వెలగబోతుండగా మళ్ళీ "ఖళ్" అన్నారు. ఆరిపోయింది.

జలుబు తగ్గింది కానీ దగ్గు తగ్గలేదు. ప్రతి నిశ్శబ్దం నడిమధ్యలో ఒక "ఖళ్." ఏ కాలమైనా, ఏ సంగీతమైనా అదే "ఖళ్." మార్వా తేనె తెచ్చిపెట్టింది. అల్లం టీ కాచిపెట్టింది. డబ్బాడు దగ్గుబిళ్ళలు కొనిచ్చింది. ఆయన బిళ్ళలన్నీ తినేసి, బాగున్నాయని చెప్పి, దగ్గేవారు.

ఇలా ఉండగా, క్రిస్మస్ సెలవుల్లో చలికి పైన ఒక నీళ్ళ గొట్టం పగిలింది. చూసేవాళ్ళు లేరు. నీళ్ళు తీరిగ్గా కిందికి దిగి నేలమాళిగలో కాపురం పెట్టాయి. సెలవుల తర్వాత తలుపు తీసిన మార్వాకి కాళ్ళ కింద నేల కనబడలేదు. బజారులో కొన్న రికార్డులు పోతే మళ్ళీ కొనుక్కోవచ్చు. పోయినవి అవి కావు. ఇన్నేళ్ళుగా కాలేజీ హాలులో జరిగిన కచేరీలు, విద్యార్థుల వాద్యబృందాలు, జాజ్ సాయంత్రాలు, టటిల్ గారు హాల్లో కూర్చుని ప్రసారం చేసినవన్నీ పెద్ద టేపుల మీద ఉండేవి. అవన్నీ నాని ఉబ్బి బూజుపట్టాయి. పెక్హమ్ చూడటానికొచ్చి, ప్యాంటు మడిచి గుమ్మంలోనే నిలబడ్డాడు.

"మార్వా, వసంతంలో నీ రేడియోకి నలభై ఏళ్ళు నిండుతాయి. చరిత్రంతా గంటసేపు వినిపిస్తానని ధర్మకర్తలతో అన్నావు. ఏదీ, ఎక్కడుంది చరిత్ర? ఈ నీళ్ళలోనా?"

"ఏదో ఒకటి చేస్తానండీ."

"నా మాట విను. వాళ్ళకి ఈ గది కావాలి. రేడియో మూసేద్దామని ఆల్రెడీ సగంమంది అంటున్నారు. పాత చరిత్ర ఎలాగూ లేదు. ఇప్పుడు వినబడేదేమో ముసలాయన దగ్గు. ఆయన్ని ఆపు. అప్పుడు నీ తరఫున నేనొక మాట అంటాను. లేకపోతే నా వల్ల కాదు."

గోరుచుట్టు మీద రోకలిపోటంటే ఇదే. రేడియో పోతే ఉద్యోగం పోతుంది, అది నిజమే. కానీ మార్వాకి దిగులు ఉద్యోగం గురించి కాదు. ఆ కోడిగుడ్డు వాసన లేకుండా బతకడం ఎలాగో ఆవిడకి తెలియదు. మూడు రోజులు మథనపడి, ఆపిల్ పై ఒకటి చేసి పట్టుకుని టటిల్ గారింటికి వెళ్ళింది. చెప్పాల్సిన మాట చెప్పేసరికి పై చల్లారిపోయింది.

ఆయన అంతా విని, "సరే" అన్నారు. తర్వాత ఊరుకున్నారు. తర్వాత "ఖళ్" అన్నారు.

"ఇక్కడ పెట్టె లేదు కదండీ," అంది మార్వా ఏడుపు మింగుకుంటూ.

"అలవాటైపోయిందమ్మాయ్. పై బాగుంది, కూర్చో."

ఆ ఆదివారం మార్వాయే మైకు ముందు కూర్చుంది. చక్కగా, చురుగ్గా, రేడియో శాస్త్రంలో రాసినట్టే నడిపించింది. సింఫనీ చివరి స్వరం ఇంకా గాలిలో ఉండగానే "మీరు ఇంతవరకు విన్నది..." అని అందుకుంది. ఒక్క క్షణం ఖాళీ లేదు. పెట్టె మీద ఎర్ర దీపం వెలిగితే ఒట్టు. తనని తాను మెచ్చుకోబోతుండగా ఫోను మోగింది.

"ఎవరమ్మా నువ్వు? నా చివరి స్వరం మీద నిలబడ్డావు!"

"మీరెవరండీ?"

"వర్నా లూమిస్‌ని. కొండ మీద ఉంటాను. పియానో పంతులమ్మని. నీ గొంతు నా క్యాసెట్లో పడిపోయింది. ఇక నేను పోయేదాకా ఆ సింఫనీ చివర నువ్వు 'మీరు ఇంతవరకు విన్నది' అంటూనే ఉంటావు కదే తల్లీ! ఆయనేరీ? మాకోసం ఆగే ఆయనేరీ?"

"ఆగడమేంటండీ?"

అటువైపు ఫోను పెట్టేశారు. పెట్టగానే మళ్ళీ మోగింది. ఈసారి పాడిరైతు. "ఏమ్మా, ఆవు పొదుగు వదిలి, చెయ్యి కడుక్కుని, బటన్ దాకా రావద్దూ? సగం పాటలోంచి ఎత్తుకున్నాను. పైగా మధ్యలో మంచు సంగతీ చెప్పలేదు, క్యాసెట్ తిప్పేలోపు ముక్క పోయింది!" ఆ మధ్యాహ్నం ఫోను కింద పెట్టడానికి వీల్లేకపోయింది. మార్వాకి తల తిరిగింది. అందరూ తనకి తెలిసిన సంగతే అన్నట్టు మాట్లాడుతున్నారు కానీ, ఆవిడకి మాత్రం ఒక్క ముక్క అర్థంకాలేదు. ఐదు కొట్టగానే కారేసుకుని కొండెక్కింది.

లూమిస్ గారి వంటింట్లో గిన్నెలు నేలమీద ఉన్నాయి. గిన్నెలుండాల్సిన అల్మరాల నిండా క్యాసెట్లు. ఆవిడ ఒకటి తీసి మిషన్లో పెట్టింది. వేళ్ళు కీళ్ళవాతంతో కొంకర్లు తిరిగి ఉన్నాయి. రెండు బటన్లు కలిపి నొక్కాలంటే కుడిచేతిని ఎడమచేత్తో పట్టుకుని తీసుకురావాలి. దానికి పట్టేంత సేపు పట్టింది. మార్వా సాయం చేయబోతే వద్దంది.

"ఊళ్ళో నీకొక్కదానికే తెలియదన్నమాట. ఆయన కుర్చీలో పళ్ళు పీకించుకున్న ప్రతివాళ్ళకీ తెలుసు. నోట్లో దూది పెట్టి, చెవిలో చెబుతారు. 'నేను నోరు మూసుకోగానే నొక్కండి. సంగీతం ఆగాక నిదానంగా ఆపండి. మీరు ఆపేదాకా నేను మాట్లాడను' అని. మాకు రికార్డులు కొనే స్తోమతు ఎక్కడిది? నా శిష్యులంతా ఈ క్యాసెట్లు వినే నేర్చుకున్నారు. చేతులు చురుకైనవాళ్ళ క్యాసెట్లలో దగ్గు ఉండదు. నా వాటిలో ఉంటుంది. చూడు, ఆ దగ్గు పుట్టినప్పటినుంచీ ప్రతిదాంట్లోనూ ఉంటుంది. అంతసేపూ ఆయన నాకోసం ఆగారన్నమాట."

పాట ముగిసింది. ఖాళీ. "ఖళ్." ఇంకా ఖాళీ. టక్కుమని బటన్ చప్పుడు. మార్వా ఆ వంటింట్లో గిన్నెల మధ్య కూర్చుని, ఇన్నేళ్ళు తాను కాచిపోసిన అల్లం టీలన్నీ తలుచుకుని, నవ్వాలో ఏడవాలో తెలియక రెండూ చేసింది.

అక్కడినుంచి తిన్నగా టటిల్ గారింటికే వెళ్ళింది.

"నాకెందుకు చెప్పలేదు?"

"స్టూడియో గోడ మీద ఒక నోటీసు ఉంటుంది, చూశావా? 'ప్రసారాలు టేపు చేసుకోవడం నేరం, ఎవరూ ప్రోత్సహించరాదు' అని. కింద సంతకం ఎవరిది?"

"నాదే. రికార్డుల కంపెనీలవాళ్ళు వెంటపడితే పెట్టాను."

"మరింకేం. చెబితే నువ్వు నన్ను ఆపాలి. ఆపకపోతే నీ మెడకి చుట్టుకుంటుంది. చెప్పకపోతే ఊరికే తిడితే సరిపోతుంది. పళ్ళ డాక్టరుకి తిట్లు కొత్తా అమ్మాయ్? అవతలివాడికి నోరు తెరుచుకునే ఉంటుంది కూడాను."

మార్వా ఆయన్ని గట్టిగా వాటేసుకుంది. వదిలాక అసలు సంగతి తట్టింది. "మరి హాలు కచేరీలు? అవి కూడా టేపు చేశారా వీళ్ళు?"

"చెయ్యకేం. అప్పుడూ ఆగాను కదా."

మర్నాడు మార్వా మైకులో ఒక్కటే అడిగింది. కాలేజీ హాలు కచేరీలు మనవే, ఎవరికీ అభ్యంతరం లేదు, ఎవరి దగ్గరైనా ఉంటే పట్టుకురండి అని. రొట్టెల సంచుల్లో తెచ్చారు, దిండు గలీబుల్లో తెచ్చారు, పాలక్యానులో తెచ్చారు. బూటుపెట్టెల్లో పెట్టి దొంతరగా మోసుకొచ్చినవాడు రోస్కో.

"నీకూ తెలుసా?" అని నోరు వెళ్ళబెట్టింది మార్వా.

రోస్కో బంగారు పన్ను కనబడేలా నవ్వాడు. "ఇది ఎవరు కట్టారనుకున్నావమ్మా?"

"మరి వారం వారం గుమ్మంలో ఆ పోట్లాట?"

"తిట్టకపోతే నీకు అనుమానం రాదూ?" అన్నాడు. తర్వాత ఒక క్యాసెట్ పెట్టి వినిపించాడు. పదహారేళ్ళ నాటి జాజ్ సాయంత్రం. మంచి ఊపులో ఉండగా ఒక క్లారినెట్ లేచి, రెండు మెట్లెక్కి, మూడోదాని దగ్గర తోక తొక్కిన పిల్లిలా కీచుమంది. హాలంతా నవ్వు. రోస్కో తొడ చరిచాడు. "పోల్చావా? మన పెక్హమ్! అప్పుడు బక్కగా ఉండేవాడు. కచేరీకి బూట్లు నేనే అమ్మాను. వాడికవి బిగుతు. కీచుమన్నది ఆ బూట్ల వల్లేనని ఇప్పటికీ వాడి నమ్మకం."

ఈ సంగతి చెవిన పడగానే పెక్హమ్ ఫోను చేశాడు. ఆ పాట వెయ్యడానికి వీల్లేదన్నాడు. చివర్లో అదే వేస్తానంది మార్వా. టటిల్ గారు కూడా వస్తారంది. పెక్హమ్ ఆ పాట ఎన్నింటికో అడిగి ఫోను పెట్టేశాడు.

నలభై ఏళ్ళు నిండిన రోజు నేలమాళిగలో మడతకుర్చీలు వేశారు. ధర్మకర్తలంతా ముక్కులు మూసుకుని కూర్చున్నారు. పైన ఏదో ప్రయోగం జరుగుతోంది. కారు రేడియో మార్పించిన పెద్దమనిషి మొదటి వరసలోనే ఉన్నాడు. కచేరీ వెంట కచేరీ వినబడుతుంటే, నడుమ నడుమ ఒక "ఖళ్" వచ్చినప్పుడల్లా ఊరివాళ్ళు గుమ్మం బయట కిసుక్కుమంటున్నారు. తన కారులో అసలు పాడైందేమిటో ఆ పెద్దమనిషికి అప్పుడు తెలిసింది. నవ్వుతో ఆయన కుర్చీ కిర్రుమంది. రేడియో మూసెయ్యడం మరో ఏడాది వాయిదా వేశారు. ఆ ఏడాది ఇంకా పూర్తి కాలేదు, పూర్తిచేయాలని ఎవరికీ తొందర కూడా లేదు. కానీ అది తర్వాతి మాట.

ఆఖరి పాట మొదలవబోతుండగా మూలనున్న పెక్హమ్ కోటు లోపలినుంచి చిన్న టేపురికార్డరు తీసి ఒళ్ళో పెట్టుకున్నాడు. చెవులు ఎర్రబడ్డాయి. "మా అమ్మ అడిగింది," అన్నాడు ఎవరూ అడగకుండానే.

క్లారినెట్ కీచుమంది. హాలూ నవ్వింది, నేలమాళిగా నవ్వింది. పాట ముగిసింది. మార్వా అలవాటు కొద్దీ నోరు తెరిచి, పెక్హమ్ వైపు చూసింది. అతను ఏ బటనో తెలియక వేళ్ళు తడబడుతూ, బిక్కచచ్చి ఆవిడ వంకే చూస్తున్నాడు. ఆవిడ నోరు మూసుకుంది. పక్కన టటిల్ గారు చేతులు కట్టుకుని పై కప్పు చూస్తున్నారు. అంతా నిశ్శబ్దం. పెట్టె మీద ఎర్ర దీపం మిణుకుమంది. ఫుట్‌బాల్ కుర్రాళ్ళు గొంతులు సవరించుకుంటున్నారు.

"ఖళ్," అంది మార్వా.

దీపం ఆరింది. మూలలో బటన్ టక్కుమంది. టటిల్ గారు మెల్లగా ఆవిడ చెవి దగ్గరికి వంగారు.

"దగ్గు పరవాలేదు. కానీ కాస్త తొందరపడ్డావమ్మాయ్."